నలుగురికీ ఒక్క జవాబు

ఉద్యోగంలో నా ఆఖరి పోస్టింగు అల్లూరుకు దగ్గర్లో, సముద్రం వైపున్న ఒక చిన్న స్టేషనులో. జనం కోవిడ్ మాస్కులు పూర్తిగా మరిచిపోయిన ఏడాది అది. కానిస్టేబులుగా చేరి సబ్ ఇన్‌స్పెక్టరు దాకా ఎక్కినదాన్ని కాబట్టి కాగితం పనికి నేనెప్పుడూ వెనుకాడలేదు. మా వాళ్లకే నాతో విసుగు. "మేడమ్ గారికి కాగితం కనిపిస్తే అన్నం గుర్తుకు రాదు" అని హెడ్ కానిస్టేబుల్ మస్తానయ్య నా వెనకాల అనేవాడు. ఒకటి రెండుసార్లు నా ముందే అన్నాడు.

ఒకరోజు పొద్దున్నే, జువ్వలదిన్నె హార్బరు నుంచి చేపలమ్మే ఆడవాళ్లను తెచ్చే ఆటోలో గంజాయి వస్తోందని సమాచారం అందింది. గంజాయి కేసుల్లో అలాంటి మాట చెవిలోనే ఉంచుకుని పరిగెత్తకూడదు. కాగితం మీద పెట్టి, ఒక ప్రతి పై అధికారికి పంపాలి. పంపాను. జరిగేది కళ్లారా చూసి సంతకం పెట్టే ఇద్దరు సాక్షులు కావాలి, వాళ్లను మధ్యవర్తులంటాం. వీఆర్వోనూ ఇంకో పెద్దమనిషినీ అందుకు పిలుచుకుని, ఒక మహిళా కానిస్టేబులును వెంటబెట్టుకుని, రోడ్డు పక్కన ఐసు ఫ్యాక్టరీ దగ్గర మాటు వేశాం.

ఆటో వచ్చింది. అందులో నలుగురు ఆడవాళ్లు, నాలుగు బుట్టలు. వాళ్లలో పెద్ద పోలమ్మ. మిగతా ముగ్గురిలో ఇద్దరు అక్కచెల్లెళ్లు, ఒకరు ఆ ఏడే పెళ్లయి పులికాట్ వైపు నుంచి వచ్చిన కావేరి. బుట్టలు దించి వెతికాం. కానాగంత చేపలు, వంజరం, వాటికింద ఇంకా కానాగంతలు. డ్రైవరు సీటు కింద ఒక పాత టైరు తప్ప ఏమీ లేదు. మస్తానయ్య చేతులు ఆ వాసన వదలడానికి రెండు రోజులు పట్టిందని తర్వాత వాళ్లావిడ నాతో చెప్పింది.

బుట్టలు, సంచులు వెతకడానికి చట్టం పెద్దగా పట్టింపు పెట్టదు. మనిషి ఒంటి మీద చెయ్యి వేయాలంటే మాత్రం మత్తుమందుల చట్టంలోని యాభయ్యో సెక్షను వచ్చి నిలబడుతుంది. ఆడవాళ్లను ఆడవాళ్లే సోదా చేయాలి. అంతకు ముందే, 'మెజిస్ట్రేటు ఎదుట గానీ గెజిటెడ్ అధికారి ఎదుట గానీ సోదా చేయించుకునే హక్కు నీకుంది, కావాలా వద్దా' అని అడగాలి. గెజిటెడ్ అంటే అర్థం కాదు కాబట్టి, తాసిల్దారు లాంటి అధికారి, పిల్లల సర్టిఫికెట్ల మీద పచ్చ ఇంకుతో సంతకం పెడతారే వాళ్లు అని నేను విడమరచి చెప్పేదాన్ని.

ఆ రోజు ఆ మాట పూర్తి కాకముందే పోలమ్మ అందుకుంది. "మా నలుగురిదీ ఒకటే మాటమ్మా. పెద్దాఫీసర్లంతా ఎందుకు, నువ్వే చూసుకో. ఎండెక్కితే ఈ చేపలు ఎవురు కొంటారు?"

ఆమె అలా అనడంలో వింతేమీ లేదు. హార్బరులో వేలం పాట దగ్గర ఈ జట్టు ఆడవాళ్ల తరఫున ఒక్కరే పాడతారు. పక్కవాళ్లు నోరు విప్పితే ధర పెరుగుతుంది, అందుకని మిగతావాళ్లు పెదవి కూడా కదపరు. పోలమ్మ ఎన్నో ఏళ్లుగా వాళ్ల నోరు. మస్తానయ్యకు ఈ పద్ధతి తెగ నచ్చింది. హక్కు సంగతి చెప్పి జవాబు రాయించుకునే నోటీసును, నలుగురి పేర్లూ రాసుకోవడానికి వీలుగా ఒక్కటే తీశాడు. అందులో 'అవసరం లేదన్నారు' అని ముందే టైపు చేసి ఉంది.

ఆ కాగితం మడిచి ఆయన జేబులోనే పెట్టించాను. అందరికీ కలిపి అడిగితే అడిగినట్టు కాదు, కేసు కోర్టులో నిలవదు. అంతకంటే పెద్ద చిక్కు ఇంకొకటి ఉంది. ఒకరి దగ్గర సరుకు దొరికితే, ఒకే ఆటో, ఒకే జట్టు, ఒకే మాట అని నలుగురినీ ఒకే కేసులో కట్టేస్తారు. ఏ పాపం తెలియని మనిషి కూడా బెయిలు కోసం నెలల తరబడి జైల్లో పడి ఉండాలి.

ఐసు ఫ్యాక్టరీ వాళ్లనడిగి బుట్టల్లో ఐసు వేయించాను. చేపల బెంగ తీరింది కదా, ఇక ఒక్కొక్కరే లోపలి గదిలోకి రండన్నాను. ఎవరి జవాబు వాళ్ల నోటీసు మీద విడిగా రాశాను. పోలమ్మ పాత జవాబే చెప్పింది. అక్కచెల్లెళ్లు "పోలమ్మక్క చెప్పింది గదా" అన్నారు. మీ మాట చెప్పమంటే, తలా ఒకసారి ఆలోచించి, వద్దనే అన్నారు. చివర కావేరి వచ్చింది. తలుపు వైపు చూసింది. తను చెప్పింది పోలమ్మక్కకు చెబుతారా అని అడిగింది. చెప్పనన్నాను.

"అయితే తాసిల్దారమ్మ రావాల" అంది.

సరుకు ఈ పిల్ల దగ్గరే ఉందని మస్తానయ్య తేల్చేశాడు. హక్కు అడిగినవాళ్లనే అనుమానించడం మా డిపార్టుమెంటుకు జలుబు లాంటిది, ఒకరి నుంచి ఒకరికి అంటుతుంది. తాసిల్దారు గారికి ఫోను చేశానని తెలియగానే, అడిగిందెవరో నేను చెప్పకుండానే పసిగట్టి, పోలమ్మ గొంతు మార్చింది. అది కొత్తది, దానికేం తెలుసు, దాని జవాబు నేను చెబుతానంది. చేపల ఊసు మళ్లీ ఎత్తలేదు.

తాసిల్దారు గారు మీటింగు మధ్యలోంచి చిరాగ్గానే వచ్చారు. వచ్చారు కాబట్టి నలుగురినీ ఆవిడ ఎదుటే సోదా చేశాం. కావేరి కొంగు ముడిలో ఒక జడపిన్ను, సగం కొరికిన వేరుశనగ చిక్కీ దొరికాయి. అక్కచెల్లెళ్ల దగ్గర అదీ లేదు. పోలమ్మ నడుముకు గుడ్డపట్టీ ఉంది. అందులో పలచగా అణచి కుట్టిన గంజాయి పొట్లాలు. తూకం వేసి, సీలు వేసి, అందరి సంతకాలూ తీసుకున్నాం. మెజిస్ట్రేటు ఎదుట శాంపిళ్లు తీయించడం తర్వాతి పని.

పోలమ్మ కావేరి వైపు తిరిగి "నోరెత్తొద్దని చెప్పినా గదే" అంది, అంతే. ఆమె మీద నాకు జాలేసింది. అంత గట్టి మనిషి ఈ గోతిలో ఎలా పడిందో నాకిప్పటికీ అర్థం కాదు.

కేసు పోలమ్మ మీదే కట్టాం. మిగతా ముగ్గురూ సాక్షులయ్యారు. నెల్లూరు కోర్టులో డిఫెన్సు లాయరు గారు సరిగ్గా ఆ అడగడం దగ్గరే పట్టుకున్నారు. పోలీసులు ఎవరినీ విడిగా అడగరని, స్టేషనులోనే నోటీసులు అచ్చుపోసుకుని వేలిముద్రలు వేయిస్తారని వాదించారు. ఆయన మరీ తప్పుగా ఏమీ చెప్పలేదు, మస్తానయ్య జేబు నాకు తెలుసు. జడ్జి గారు నాలుగు కాగితాలూ పక్కపక్కన పెట్టించుకుని చూశారు. మూడింటిలో వద్దని ఉంది, ఒకదానిలో కావాలని ఉంది.

లాయరు గారు కావేరిని వదల్లేదు. ముగ్గురు వద్దన్నాక నువ్వొక్కదానివే ఎందుకు కావాలన్నావు, ఎవరు నేర్పారని గుచ్చి గుచ్చి అడిగారు.

"ఎవురూ నేర్పలేదు సార్. నన్ను అడిగినారు, చెప్పినా. అంతకు ముందు నన్నెవురూ ఏదీ అడగలా" అంది కావేరి.

ఆయన ఇంక ప్రశ్నలు లేవని కూర్చున్నారు. పోలమ్మకు శిక్ష పడింది. కావేరి ఇప్పుడు హార్బరులో తన పాట తనే పాడుకుంటుందని విన్నాను.

అడిగామనడానికి సంతకం పెద్ద రుజువు కాదని ఆ కేసులో నాకు తెలిసింది. అడిగినప్పుడు మనం అనుకోని జవాబు కూడా రావచ్చు, అది వచ్చే వీలుంటేనే అడిగినట్టు. మస్తానయ్య ఈ సంగతి నాతో ఎప్పుడూ ఒప్పుకోలేదు. కానీ తర్వాత అచ్చు వేయించిన నోటీసుల్లో 'అవసరం లేదన్నారు' అన్న మాట తీసేయించి, ఆ చోట ఖాళీ గీత పెట్టించాడు.