మడమ మీద మసి

దిల్‌సుఖ్‌నగర్‌లో అమ్మే బూట్లకు మడమల మీద ఏదో పాత కక్ష ఉన్నట్టుంది. నిన్న కొన్న జత, ఎల్బీనగర్‌లో మెట్రో మెట్లు దిగేలోపే నా కుడి మడమ తోలు ఊడదీసింది, అదీ సరిగ్గా పుట్టుమచ్చ ఉన్నచోట. ఇంటికొచ్చి విప్పితే కొత్త తోలు వాసనతో పాటు నాయనమ్మ గుర్తొచ్చింది. ఆ మచ్చ నాదే అయినా, హక్కులన్నీ ఆవిడవే.

నాకంటే ముందు మా ఇంట్లో ఒక రవి ఉండేవాడు. మూడేళ్లకే జ్వరంతో పోయాడు. మళ్లీ పుడితే ఆనవాలు దొరకాలని, నల్గొండ దగ్గర మా ఊళ్లో చేసినట్టే, నాయనమ్మ వాడి మడమకు పెనం మసి రాసి సాగనంపింది. మరుసటేడు నేను మడమ మీద నల్లమచ్చతో పుట్టాను. పేరు వెతికే శ్రమ ఎవరికీ లేకపోయింది.

వాడి స్వెటరు, వాడి పుట్టిన తేదీ కూడా నాకే వచ్చాయి. ఆ లెక్కన నేను నాకంటే నాలుగేళ్లు పెద్ద. బతుకమ్మ పండగప్పుడు, ఇల్లంతా వేయించిన నువ్వులతో, తంగేడు పూలతో, కాగుతున్న నెయ్యితో ఘుమఘుమలాడుతుంటే, నాయనమ్మ రొట్టె, బెల్లం కలిపి నలిపిన మలీద ముద్ద నా నోట్లో కుక్కి, "నీకు గిదంటే పానం గదరా" అనేది. ప్రాణం వాడికి; నాకు వాంతి. కక్కితే, "గప్పుడు గిట్ల చేయకపోతివి" అని వీపు మీద ఒకటి వేసి, ఆ చేత్తోనే నిమిరి, మడమ మచ్చను ముద్దు పెట్టుకునేది. ఆ ముద్దు కోసం ఇంకో ముద్ద తినేవాణ్ణి.

ఎండాకాలం సెలవుల్లో, ఇంకా ఇళ్లు కట్టని మా కాలనీ ఖాళీ ప్లాట్లలో, కాళ్లు కాలే మట్టిలో క్రికెట్ ఆడితే, పక్కింటి యాదగిరి నాకు బ్యాటు ఇచ్చేవాడు కాదు.

"ఒకపాలి అవుటై మళ్లొచ్చినవ్ గదరా. ఇగ నీకు బ్యాటింగేంది?"

అందరూ నవ్వేవారు. వాదనలో తప్పేమీ కనబడక నేనూ నవ్వేవాణ్ణి.

ఇప్పుడా ప్లాట్లు లేవు, వాటి మీద అపార్ట్‌మెంట్లు. పోయిన నెల నాయనమ్మ కూడా పోయింది, నా మడమ నిమురుతూ, "నా రవి, నా రవి" అంటూనే. వాడైతేనేం, నేనైతేనేం, ముద్దులు తిన్న మడమ నాదే కదా అని సరిపెట్టుకున్నాను.

అమ్మ కొబ్బరినూనె తెచ్చి నా కుడి కాలు ఒళ్లో పెట్టుకుంది.

"మచ్చ పోతదేమోనే. నాయనమ్మ ఉంటే ఎంత లొల్లి చేస్తుండెనో" అన్నాను.

అమ్మ మచ్చ చుట్టూ నూనె రాసింది.

"పోతే పోనీ రా. మీ నాయనమ్మ మసి రాసినప్పుడు వాని కాలు పట్టుకున్నది నేనే. గది ఎడమ కాలు."