పేపర్లో చుట్టిన దెబ్బ

ఆ రోజుల్లో నాకున్న ఆస్తి నోరొక్కటే. తాడేపల్లిగూడెంలో ఫ్యాన్సీ కొట్టు గుమ్మంలో పెరిగినవాణ్ణి కదా, జడపిన్నుల దగ్గర్నుంచి పెళ్ళిగాజుల దాకా ఏ బేరమైనా నా నోటి మీదుగానే తెగేది. అలాంటి నోరు ఒక్క మాట దగ్గర పడిపోయిందంటే నాకే ఇప్పటికీ నమ్మబుద్ధి కాదు. డిగ్రీ అయ్యాక కొట్లో కూర్చోవడం ఇష్టంలేక ఏలూరులో ఒక మెడికల్ కోడింగ్ ఆఫీసులో చేరాను. అమెరికాలో డాక్టరు రాసిన కేసు చదివి, ఆ రోగానికో దెబ్బకో తగిన అక్షరాల, అంకెల కోడు వెయ్యడం పని. మూడు నెలలు ట్రైనింగు, ఆఖర్న ఆడిట్, అందులో నిలబడకపోతే ఇంటికే. "వెళ్ళి చూసి రా, కొట్లో నీ స్టూలు ఎక్కడికీ పోదు," అన్నారు నాన్న. (దీవెనలాగే వినిపించింది గానీ, ఆ స్టూలు అప్పటికే తుడిపించి ఉంచారు.)

ఆడిట్ చేసే మేడం పూర్వం మిషన్ స్కూల్లో సైన్సు టీచరు. చాటున మేమంతా 'ఎర్రపెన్ను' అనేవాళ్ళం. తప్పు దొరికితే ఆవిడ తిట్టరు, ఆ కేసు నంబరు బోర్డు మీద రాసి వెళ్ళిపోతారు. మర్నాడు పొద్దున్న ఆ కోడు వేసినవాళ్ళు అందరి ముందూ నిలబడి, డాక్టరు రాసింది పైకి చదివి, తమ కోడు ఎందుకు వేశారో చెప్పుకోవాలి. నా ఆడిట్ రోజు సాయంత్రం బోర్డు మీద ఉన్న నంబరు నాది.

కేసు చిన్నదే. ఒకాయన సైకిలు తొక్కుతూ కాలు జారి, సీటు ముందున్న బారు మీద పడ్డాడు. వృషణాల తిత్తి కమిలిందని డాక్టరు శుభ్రంగా రాశాడు. దానికి వేరే కోడుంది, నాకు తెలుసు కూడా. అయినా నేను 'పురుషుడు, బయటి అవయవం, ఏదో తెలియదు' అనే కోడు వేశాను. మా కొట్లో ఆడవాళ్ళ వస్తువులు కొన్నింటికి పేరుండదు. అడిగేవాళ్ళు నసుగుతుంటేనే అర్థం చేసుకుని, పాత పేపర్లో చుట్టి సంచిలో పడేయాలి. అది మర్యాద అని నాన్న నేర్పారు. ఆ అమెరికా ఆయన్ని కూడా నేను అలాగే చుట్టేశాను.

ఇంటికెళ్ళే పాసింజర్లో కూర్చుని లాభనష్టాలు లెక్కేసుకున్నాను. బ్యాచిలో సగంమంది ఆడపిల్లలు. చదివితే పరువు పోతుంది, చదవకపోతే ఉద్యోగం పోతుంది. పొద్దున్న వరండాలోనే మేడం గారికి అడ్డం పడ్డాను.

"మేడం, కాగితం మీద రాసిచ్చేస్తానండీ."

"చదవాలండీ."

"పోనీ, మీ ఒక్కరికీ చదివి వినిపిస్తానండీ. పోనీ, గుండె కేసులు ఓ నాలుగు గట్టిగా చదువుతానండీ!"

"బేరం అయిపోయిందాండీ? రండి."

నిలబడ్డాను. సైకిలు దాకా చదివాను, బారు దాకా చదివాను, అక్కడ ఆగి మళ్ళీ సైకిలు దగ్గరికే వచ్చాను.

"ఏవండీ, దెబ్బ తగిలింది మీకాండీ?" అన్నారు మేడం. వెనకెవరో కిసుక్కుమన్నారు. ఆవిడ మాత్రం నవ్వలేదు. "ఆయన కాళ్ళు ఎడంగా వేసుకుంటూ, అంత నెప్పితో వెళ్ళి, మొహం తెలియని డాక్టరుకి చెప్పుకున్నాడు. ఆయన చెప్పుకున్నదాన్ని మీరు మళ్ళీ దాచేస్తే ఎలాగండీ?"

కళ్ళు మూసుకుని "స్క్రోటమ్!" అని అరిచాను. కింద టిఫిన్ సెంటర్లో గరిటె చప్పుడు కూడా ఆగినట్టనిపించింది. కళ్ళు తెరిచేసరికి ఎవరూ నవ్వడం లేదు. ముందు వరసలో అమ్మాయి చెయ్యెత్తి, ఎంతో శ్రద్ధగా, "మేడం, ఈ కోడుకి ఏడు స్థానాలుండాలి, ఆరోది ఖాళీ కదండీ, అక్కడ ఎక్స్ వెయ్యాలాండీ?" అంది. అందరూ నా వైపు చూశారు. "ఎస్ ముప్ఫై పాయింట్ ఇరవైరెండు, ఎక్స్. ఇంకా వైద్యం జరుగుతోంది కాబట్టి చివర 'ఏ' అండీ," అన్నాను. అందరూ వంగి రాసుకున్నారు. మేడం బోర్డు మీద నంబరు తుడిచేసి, "తప్పు తప్పేనండీ. కానీ దిద్దుకున్నారు. కూర్చోండి," అన్నారు. నా ఉద్యోగం మిగిలిందని మధ్యాహ్నం భోజనాల వేళకి గాని నాకు అర్థం కాలేదు.

ఇప్పుడు ఆడిట్ చేసేది నేనే. మొన్న కైకలూరు నుంచి బస్సులో వస్తుంటే ఓ కొత్త కుర్రాడు అలాంటి కేసుకే ఫోన్ చేశాడు. కొల్లేరు దాటేలోగా అవయవాల పేర్లతో సహా పాఠం మొత్తం చెప్పేశాను. ఫోన్ పెట్టేశాక, పక్క సీట్లో చేపల బుట్ట పెద్దావిడ నా వైపు జాలిగా చూసింది.

"ఏం బాబూ, మీ ఇంటోళ్ళకేనా?"

"కాదండీ, అమెరికాలో ఎవరికో."

"అయ్యో పాపం! మరి ఇంతమందిలో అలా అరుస్తారేటి బాబూ, ఆయన వింటే సిగ్గుపడడూ?"

చాలా ఏళ్ళ తర్వాత నా చెవులు వేడెక్కాయి. తప్పయిపోయిందండీ అని కిటికీ వైపు తిరిగి కూర్చున్నాను. ఒక్క మాట దగ్గర ఆగిపోయిన ఆ తాడేపల్లిగూడెం కుర్రాడు, ఉద్యోగానికి పనికిరాకపోయినా, మరీ అంత చెడ్డవాడేం కాదనిపించింది.