కంప్యూటర్ గేములోనూ వీధిపోటే

ఈ సాయంత్రం మునిసిపాలిటీ వాళ్లు మా వీధి వాళ్లందర్నీ పిలిచి కంప్యూటర్ గేమ్ ముందు కూర్చోబెట్టేరు. మీకు కావలసిన రోడ్డు మీరే మౌసుతో వేసి చూపించండి, దాన్ని బట్టి ప్లాన్ గీస్తాం అన్నారు. మొన్న వేసవిలో పాక అంటుకుంటే ఫైరింజన్ మా సందులోకి దూరలేదు లెండి, అందుకని ఈ ముచ్చట.

ముందు బెల్లం వర్తకుడు అప్పారావు గారు మౌసు పట్టుకున్నారు. రోడ్డు తిన్నగా వచ్చి తన గుమ్మానికే తగులుతోందని పక్కకి తిప్పేసేరు. అది సత్యవతి గారి గుమ్మానికి తగిలింది. ఆవిడ ఇంకో పక్కకి తిప్పేరు.

"ఇది ఉత్త గేమేనండి" అన్నాడు ఇంజనీరు.

"గేమైతే ఏటి బాబూ, వీధిపోటు వీధిపోటే" అన్నారు అప్పారావు గారు.

నా వంతొచ్చింది. నవ్వుకుంటూనే నేనూ కొంచెం తిప్పేను.

ఆఖర్న ఇంజనీరు ఆ రోడ్డు మీదకి ఫైరింజన్ని వదిలేడు. అది వంకర్లు తిరిగి తిరిగి, ఒక్క ఇంటికీ చేరకుండా, బయల్దేరిన చోటికే వచ్చి ఆగింది. ఎవరికీ పోటు లేదని అందరం చప్పట్లు కొట్టేం.

మా వీధిలో ఇళ్లు కాలితే కాలొచ్చు గానీ, వాస్తు దోషంతో మాత్రం కాలవు. మీ వీధి సంగతేటి?