హ్యాండోవర్‌లో మూడో మాట

ప్లాస్టర్ చుట్టను పళ్ళతో పట్టి చర్రుమని చింపే చప్పుడు వినిపిస్తే చాలు, నా వేళ్ళు వాటంతటవే ముందుకు చాచుకుంటాయి. మొన్న ఢిల్లీ ద్వారకలో ఓ క్లినిక్‌లో మా పాప మోకాలికి కట్టు కడుతుంటే అదే జరిగింది. "దెబ్బ తగిలింది పాపకి కదా భయ్యా, చెయ్యి మీరు చాపారేంటి?" అని నర్సమ్మ నవ్వింది. సువార్త ఆంటీ సంగతి మొదలెడితే ఒక పూట పడుతుంది.

రెండువేల సంవత్సరం దాటిన కొత్తలో నేను ఢిల్లీలో ఇంజనీరింగ్ చదివేవాణ్ణి. మా కాలేజీ కుర్రాళ్ళకి ఎక్కడినుంచి పట్టిందో అమెరికన్ ఫుట్‌బాల్ పిచ్చి పట్టింది. పేరుకే ఫుట్‌బాల్, కోలగా ఉండే బంతిని చేత్తో విసరడం, చంకలో పెట్టుకుని పరిగెత్తడం, అడ్డొచ్చినవాణ్ణి గుద్ది పడేయడం. టీవీలో చూసి నేర్చుకున్నాం. హెల్మెట్లు ఎవరో వాడి వదిలేసినవి. బంతి విసిరేవాణ్ణి నేను. అంటే పెళ్ళిలో పెళ్ళికొడుకులాంటివాణ్ణి, అందరూ నన్ను కాచుకోవాలి. ఆ గొప్ప బాగానే తలకెక్కింది నాకు.

ఆంటీది నరసాపురం. ఓ పెద్దాసుపత్రిలో వార్డు సిస్టరుగా చేసేది, మేం అద్దెకున్న గదికి పై అంతస్తులో ఉండేది. నన్ను దింపడానికొచ్చిన మా అమ్మ, తెలుగు మాట వినపడగానే ప్రాణం లేచొచ్చి, "వీడి భారం మీదే అక్కా" అని అప్పగించేసి రైలెక్కింది. ఒకరోజు వాచిన వేళ్ళతో ఇంటికొచ్చాను. అదేం ఆటో చూద్దామని ఆ శనివారం డ్యూటీ దిగి నేరుగా గ్రౌండుకొచ్చిన మనిషి ఇక ప్రతి మ్యాచ్‌కీ వచ్చింది, సంచిలో ప్లాస్టరూ కత్తెరా వేసుకుని. ఆట మొదలయ్యేముందు ప్లాస్టర్‌ని పళ్ళతో చింపి నా వేళ్ళకి చుట్టేది.

మొదటి మ్యాచ్ చిత్తుగా ఓడిపోయాం. ఆంటీ మా అందర్నీ నిలబెట్టి కడిగేసింది. "బయటికొచ్చినోడు నీళ్ళు తాగుతున్నాడు, లోపలికెళ్ళేవోడు తెల్లమొహం వేసుకుని వెళ్తున్నాడు. మా వార్డులో ఇలా చేస్తే పేషెంటు బతుకుతాడేంట్రా?" డ్యూటీ మారేటప్పుడు సిస్టర్లు మంచం మంచం దగ్గరా నిలబడి హ్యాండోవర్ ఇచ్చుకుంటారట. ఏం జరిగింది, ఇప్పుడెలా ఉంది, నీకు దేనికి భయంగా ఉంది. ఈ మూడూ చెప్పందే గుమ్మం దాటకూడదు. "మూడోది దాచావంటే ఆ పాపం నీదే" అంది. కోపమొస్తే ఆవిడకి తెలుగే వచ్చేది, దాన్ని నేను హిందీలో చెప్పాను. మొదటి రెండూ అందరికీ నచ్చాయి. మూడోది ఎవడు చెప్తాడు? ఇరవై ఏళ్ళ వయసులో భయమని నోరు తెరుస్తామా! నా బదులు దిగడానికి కాచుకుని ఉండే రోహ్‌తక్ కుర్రాడు మోహిత్‌తో నేను అనేది ఒకటే మాట, "సబ్ ఠీక్ హై".

ఆ సీజనంతా ఓడిపోతూనే ఉన్నాం. చివరి మ్యాచ్ కూడా పోతే గ్రౌండు క్రికెట్ వాళ్ళకి ఇచ్చేస్తామన్నారు కాలేజీ పెద్దలు. గుర్గావ్ జట్టుతో ఆ మ్యాచ్. వాళ్ళలో ఓ పొడుగాటివాడు మొదటినుంచీ నన్నే వెంటాడుతున్నాడు. ఆట ఆఖర్లో వాడొచ్చి గుద్దితే వెల్లకిలా పడ్డాను. లేచి గ్రౌండు అంచు గీత దగ్గరికి నడిచొస్తే ఆంటీ నా గడ్డం పట్టుకుంది.

"స్కోరెంత రా?"

చెప్పాను. అది పోయిన మ్యాచ్ స్కోరు.

అంతే, నా హెల్మెట్ లాక్కుని ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. కెప్టెన్ వచ్చి బతిమాలాడు, గ్రౌండు పోతుందన్నాడు. "పోతే పోనీ" అంది. నేను కాళ్ళు పట్టుకోబోయాను.

"లే. మీ అమ్మ నిన్ను తలతో సహా అప్పజెప్పింది. తల లేకుండా తిరిగివ్వనా? పో, వాడికి హ్యాండోవర్ ఇవ్వు."

మోహిత్ ఎదురుగా నిలబడ్డాడు. మొదటి రెండూ గబగబా చెప్పేశాను. ఆంటీ నన్నే చూస్తోంది. "ఆ పొడుగాటివాడంటే నాకు భయం భాయ్. వాడు కదిలితే చాలు, ఎవరున్నారో చూడకుండా విసిరేస్తున్నాను" అన్నాను. నవ్వుతాడనుకున్నాను. మోహిత్ నవ్వలేదు, తనకీ భయమేనన్నాడు. "ముఝే భీ డర్ లగ్తా హై యార్. ఉస్ పర్ దో లడ్కే లగా దేతే హైఁ" అని, వాణ్ణి అడ్డుకోడానికి ఇద్దరు కుర్రాళ్ళని పెట్టి, నింపాదిగా చూసి విసిరాడు. బంతి అందింది. గెలిచాం. నేను వెక్కి వెక్కి ఏడ్చాను, సగం సంతోషం, సగం కుళ్ళు. ఆంటీ హెల్మెట్ ఒళ్ళోంచి దించకుండానే నా వీపు నిమిరింది.

పోయినేడు ఆంటీకి గుండె ఆపరేషనన్నారు. ముందురోజు సాయంత్రం ఆసుపత్రిలో నేను పక్కన కూర్చుంటే మెల్లగా అంది, "అబ్బాయ్, భయంగా ఉందిరా. జాయిస్‌కి చెప్పకేం." జాయిస్ ఆవిడ కూతురు, సాకేత్‌లో ఉద్యోగం. తెలుగు అర్థమవుతుంది కానీ జవాబు హిందీలోనే. ఆఫీసు నుంచి పరిగెత్తుకొచ్చి, "మమ్మీ ఠీక్ హై నా?" అంది. ఆంటీ నాకు కళ్ళతో సైగ చేసింది. నేను బ్యాగు తీసుకుని గుమ్మం దాకా వెళ్ళాను. దాటలేకపోయాను.

"జాయిస్, కాస్త జావ తాగింది. ఇప్పుడు బీపీ బాగుంది. మమ్మీకి భయంగా ఉంది. నీకు చెప్పొద్దంది."

జాయిస్ చెప్పులు విడిచి మంచమెక్కి వాళ్ళమ్మని కరుచుకుంది. ఆంటీ దాని భుజం మీదుగా నన్ను గుర్రుగా చూసింది. "వెధవా, బాగా ఇచ్చావురా హ్యాండోవరు" అంది.

ఆపరేషన్ నుంచి ఆవిడ తిరిగి రాలేదు. సమాధి దగ్గర జాయిస్ నా పక్కకొచ్చి, పుట్టి బుద్ధెరిగాక మొదటిసారి నాతో తెలుగులో మాట్లాడింది. "ఆ రాత్రంతా మమ్మీ నా చెయ్యి వదల్లేదు అన్నా."

ఇప్పుడు ఇంట్లోనైనా ఆఫీసులోనైనా, ఎవరికి ఏది అప్పగించినా ముందు మూడో మాటే చెప్పేస్తాను. మిగతా రెండూ వాళ్ళకి ఎలాగూ తెలుస్తాయి.