కెమెరా ముందు వడ్డించిన అన్నం

మా ఇంట్లో బి.ఏ. చదివిన మొదటివాణ్ణి నేను. ఆ చదువుతో నాకు దొరికిన ఉద్యోగం ఒక టాకీ కంపెనీలో విస్తళ్లు సర్దడం. సన్నివేశంలో కనిపించే గిన్నెలు, తిండి పదార్థాలు అన్నీ నా బాధ్యతే. తెల్లటి అన్నం ఎండలో మెరిసి ఫిల్ము మీద మచ్చలా పడుతుందని దానిపై పలుచని టీ నీళ్లు చిలకరించేవాణ్ణి. కూరలు నిగనిగలాడేందుకు పైన నూనె పూసేవాణ్ణి.

యుద్ధకాలంలో మా కంపెనీ మొయినాబాద్ దగ్గరి మామిడితోటలో ఒక పెళ్లివిందును చిత్రీకరించింది. బంతిలో కూర్చోవడానికి నలభై మంది కావలసివచ్చింది. మాది చేవెళ్ల కనుక ఆ పని నాకే అప్పగించారు. మా చర్చికి వచ్చే కుటుంబాల దగ్గరికి వెళ్లి, రోజు కూలితో పాటు, బంతిలో వడ్డించే అన్నమే భోజనంగా పెడతామని చెప్పాను. జొన్నలకే కటకటగా ఉన్న రోజులవి. వరి అన్నం అనగానే అందరూ ఒప్పుకున్నారు. మా పెళ్లిళ్లలో వండే అవ్వ తెల్లవారగానే వచ్చి వంట మొదలుపెట్టింది.

"మనోడు పెద్ద సదువు సదివిండు, మాట తప్పడు. పొద్దుగాల ఎవ్వలు ఏం తినకుండ్రి, కడుపుల జాగ ఉంచుకోండ్రి," అని ఆమే అందరికీ చెప్పింది.

వడ్డనకు ముందు మేనేజరు నన్ను పక్కకు పిలిచారు. షాటు మళ్లీ మళ్లీ తీయవలసి ఉంటుందని, విస్తళ్లలో అన్నం తగ్గకూడదని, కనుక ఎవరూ తినకుండా అన్నంలో కిరోసిన్ చల్లమని అన్నారు. మా వృత్తిలో అది కొత్త కాదు.

"భోజనం పెడతానని మాట ఇచ్చానండి."

"ఇచ్చింది నువ్వు. కంపెనీ కాదు."

ఉద్యోగం పోతుందన్న భయంతో నా చేత్తోనే గంగాళంలో సీసా వంచాను. ఆ సంగతి మావాళ్లకు చెబితే లేచిపోతారని చెప్పలేదు.

వడ్డించగానే నలభై మందీ కళ్లు మూసుకున్నారు. వంట ముగించి బంతిలోనే కూర్చున్న అవ్వ పైకి ప్రార్థన చేసింది. అన్నం ఇచ్చిన దేవునికి వందనం చెప్పి, పిలిచి పెడుతున్న కొడుకును చల్లగా చూడమని వేడుకుంది. కెమెరా పక్కన నిలబడిన నేనూ అలవాటుగా కళ్లు మూసుకుని ఆమేన్ అన్నాను.

మొదటి ముద్ద ముఖం దాకా తెచ్చి అవ్వ ఆగిపోయింది.

"నోట్ల పెట్టకుండ్రి," అని బంతిని హెచ్చరించి నావైపు తిరిగింది. "దీపానికే చుక్క గాసునూనె దొరుకుతలేదు. అన్నంల పోసినవా, కొడుకా?"

"షూటింగుల గట్లనే చేస్తరవ్వా."

"మరి ఆమేన్ ఎందుకన్నవ్? నీ గొంతు నాకు ఇనబడ్డది."

ఆమె పక్కన కూర్చున్న కూలి మనిషి నవ్వాడు. "అగ్గిపుల్ల గూడ ఇయ్యరాదే అన్నా, కడుపుల దీపం ముట్టించుకుంటం!"

కూలి పోతుందని ఎవరూ లేవలేదు. ఖాళీ చేతులు నోటి దాకా ఎత్తుతూ సాయంత్రం వరకు తిన్నట్టు నటించారు. తరువాత ఆ అన్నాన్ని గోతిలో పోయబోతే అవ్వ అడ్డం వచ్చింది.

"ప్రార్థన చేసిన బువ్వ పారెయ్యం."

గంపలోకి ఎత్తుకుని మోటబావి దగ్గర కడగసాగింది. నేను నీళ్లు తోడి పోశాను. నాలుగు సార్లు కడిగినా వాసన పోలేదు.

"తినకవ్వా, పానం ఖరాబైతది."

"పిల్లలకు పెట్టన్లే. నేనే తింట."

అంతలో మరునాటి షాటుకు మిఠాయిలు సర్దమని మేనేజరు కేక వేశారు. నేను బొక్కెన కింద పెట్టి వెళ్లిపోయాను. ఆ తరువాతి ఆదివారాల్లో చర్చిలో అవ్వ కనిపిస్తూనే ఉండేది. ఆ అన్నం తిన్నదో లేదో ఒక్కనాడూ అడగలేకపోయాను.