కుంకుమ కింది నంబరు

ఈ రోజు పావగడలో నాకు ఒళ్లు మండిపోయింది. మా వేరుశనగ మిల్లు కూలీ హనుమంతప్ప చెయ్యి మిషన్‌లో పడి నలిగితే, సర్కారు బీమా ఆస్పత్రికి తీసుకెళ్లాను. మొన్న ఆయుధపూజకు మిషన్లతోపాటు బీమా కార్డులకూ కుంకుమ పెట్టాం. హనుమంతప్ప కార్డులో బొట్టు సరిగ్గా నంబరు మీదే పడింది. తడిగుడ్డతో తుడిస్తే సిరా కూడా పోయింది.

"నంబరు లేకుంటే కట్టు కట్టేది లేదప్పా," అన్నాడు ఆస్పత్రి గుమాస్తా.

"రక్తం కారతా ఉండాది, కనపడలేదా సార్? రిజిస్టరులో పేరు చూడండి."

"పేరుతో ఎతికేది నా పని కాదు."

చివరికి ప్రైవేటు డాక్టరు కట్టు కట్టాడు.

గుమాస్తా తెరవని ఆ రిజిస్టరు అట్ట మీద కూడా ఆయుధపూజ కుంకుమే ఉంది. ఆ పుస్తకానికి బొట్టు పెట్టేటప్పుడు ఆయన దాన్ని ఏ నంబరు అడిగాడో, మీకెవరికైనా తెలిస్తే చెప్పండి.