తాతయ్య బొమ్మ మీద ఎర్ర పెన్సిల్

ఈ నానమ్మ చెప్పింది చెప్పినట్టు రాయవే, నవ్వడం తర్వాత. నీ సంగతే కాబట్టి నువ్వే రాస్తే తప్పులుండవు.

అది కరోనా ఏడాది. గల్ఫ్‌లో, ఆ డేరా పేట ఫ్లాట్లో అందరం తలుపులేసుకుని కూర్చున్నాం. నీ అమెరికన్ కాలేజీ భోజనాల బల్ల మీద, ల్యాప్‌టాప్‌లో నడుస్తోంది. నువ్వేమో బొమ్మలు నేర్చుకుంటానని చేరావు. మీ నాన్నేమో ఈ పరీక్షలో మార్కులు రాకపోతే ఖలాస్, కంప్యూటర్లలోకి మార్చేస్తానన్నాడు. కాకినాడ బళ్ళో డ్రాయింగ్ టీచరుగా రిటైరైన నా ముందే అన్నాడు!

ఆ వారం మీ అమెరికా మేడం ఒక పాఠం చెప్పింది. వాళ్ళ దేశంలో మొదట్లో ఆడపిల్లలు బొమ్మలు నేర్చుకోడానికి వస్తే, బట్టల్లేని మనిషిని ఎదురుగా పెట్టి గీయించడం మర్యాద కాదని, ఒకచోట తరగతిలోకి ఆవుని తోలుకొచ్చారట. అలాంటి తిప్పలు పడ్డవాళ్ళే కొందరు తర్వాత కాలేజీల్లో టీచర్లయ్యారట. పరీక్షకి మీరూ ప్రాణమున్నదాన్ని చూసి గీయండి అంది.

"నానమ్మా, డేరాలో ఆవెక్కడ దొరుకుతుంది?" అన్నావు.

నేను మీ తాతయ్య వంక చూశాను.

"ఏవండీ, కాస్త ఆ కిటికీ దగ్గర నిలబడండి."

"ఎందుకే?"

"ఆవు దొరకలేదు."

"బ్యాంకు మేనేజరుగా చేసినవాణ్ణి, నేనా ఆవుని!"

"అందుకేగా అడిగేది. కదలకుండా ఉండడం మీకు అలవాటే."

నిలబడ్డారు. ఏం నిలబడ్డం! ఓసారి దురద, ఓసారి దగ్గు, మధ్యలో టీ. "తల తిప్పకు తాతయ్యా" అని నువ్వు, "తోక ఊపకండి" అని నేను. ఎలాగో బొమ్మ పూర్తి చేసి, చేతులు కడుక్కోడానికి వెళ్ళావు.

బల్ల మీద బొమ్మ. భుజం కాస్త జారింది. పక్కనే ఎర్ర పెన్సిల్. నా చెయ్యి నన్ను అడిగితేగా! భుజం సరిచేసింది, చెవి పెద్దది చేసింది, మూలన పదికి ఆరు వేసి, సంతకం పెట్టి, తేదీ కూడా వేసేసింది.

"నానమ్మా! అది పరీక్ష బొమ్మ! ఇప్పుడే చూపించాలి!"

"ఆరంటే తక్కువేం కాదే. నేను ఏడు దాటి ఎవరికీ వెయ్యలేదు."

ఏడుస్తూనే కెమెరా ముందు పెట్టావు. ఆ ఎర్ర గీతలు ఎవరివని అడిగింది మేడం. నువ్వు చెప్పగానే నన్ను పిలవమంది. నైటీ మీద చున్నీ కప్పుకుని వచ్చి కూర్చున్నాను. భుజం సంగతి నేను చెప్పిందే నిజమట. చెవి మాత్రం నువ్వు గీసిందే సరైనదట.

"ఆయన చెవి గురించి ఆవిడకేం తెలుసే? ఇన్నేళ్ళూ నా మాట వినకుండా పెరిగిన చెవి అది! పెద్దదే, చెప్పు."

నువ్వు ఇంగ్లీషులో ఏం చెప్పావో గానీ పడీపడీ నవ్వింది. తాతయ్యని పక్కకి తిప్పి చూపించమంది. తిప్పాం. ఆవిడ చూసింది, నేనూ కళ్ళజోడు పెట్టుకుని చూశాను. చెవి మామూలుగానే ఉంది. భుజం సరిచేసి, కొత్త కాగితం మీద గీసి, క్లాసు అయ్యేలోపు చూపించమంది.

గోల విని మీ నాన్న ఆఫీసు ఫోను చెవిలో పెట్టుకునే వచ్చాడు.

"ఏమైందమ్మా?"

"నీ కూతురు చెవి నాకంటే బాగా గీసిందిరా."

వాడు ఫోను దించేశాడు. చిన్నప్పుడు నా క్లాసులోనే కూర్చుని ఎప్పుడూ ఐదు దాటనివాడు.

"నువ్వే అంటున్నావా ఈ మాట?"

"నేనే."

"నీ చేతే ఒప్పించిందంటే ఇంక కంప్యూటర్లెందుకులే" అని మళ్ళీ గదిలోకి వెళ్ళిపోయాడు.

నువ్వు అప్పటికే కొత్త కాగితం పరిచేశావు. మీ తాతయ్య మాత్రం ఉప్మా పెడితేగానీ మళ్ళీ నిలబడనన్నారు.